మగ్గము తొలగిన కథ: ‘సైలస్ మార్నర్’ నవల, ‘బంగారుపాప’ చిత్రము

తెలుగు చలనచిత్రములకు మూలమైన నవలలను గూర్చి ముచ్చటించునపుడు మన విమర్శకులు సాధారణముగా వంగదేశమువైపే చూచెదరు. శరత్‌చంద్రుని ‘దేవదాసు’ 1953లోను, ఆయన ‘నిష్కృతి’ నవల ‘తోడికోడళ్ళు’ అను పేర 1957లోను తెరకెక్కి జనాదరణమును పొందుటచే ఈ దృష్టి మరింత బలపడినది. ఆ రెండింటికిని నడుమ, 1955లో, ఆంగ్లదేశపు పల్లెజీవితమును చిత్రించిన నవల యొకటి తెలుగు తెరకు వచ్చినది. ఆ సంగతిని ప్రస్తావించువారు కలరు గాని, దానిని పరిశీలించినవారు అరుదు. జార్జి ఎలియట్ 1861లో ప్రకటించిన ‘సైలస్ మార్నర్’ నవలయే బి.ఎన్. రెడ్డిగారి ‘బంగారుపాప’కు ఆధారము. రచయిత్రి తన నవలకు ‘రావెలో గ్రామపు నేతగాడు’ అని ఉపశీర్షిక పెట్టుకొన్నది. నేతగాని కథ తెలుగునకు వచ్చునప్పటికి అందులోని నేత మాయమైనది. మగ్గముముందు కూర్చుండవలసిన కథానాయకుని స్థానమున చెరసాలనుండి వెలువడిన కోటయ్య నిలిచినాడు.

ఇది స్వల్పమైన మార్పుగా తోపవచ్చును. మాకును మొదట అట్లే తోచినది. కాని ఈ చిత్రమును నిర్మించిన వాహినీసంస్థ పుట్టుపూర్వోత్తరములను తలచుకొన్నచో ఒక ప్రశ్న వదలక వెంటబడును. ఆ సంస్థకు మూలస్తంభములైనవారిలో ముగ్గురు రాయలసీమవారు. బి.ఎన్. రెడ్డిగారిది కడపజిల్లా పులివెందులప్రాంతపు కొత్తపల్లె. మూలా నారాయణస్వామిగారిది అనంతపురంజిల్లా తాడిపత్రి. కె.వి. రెడ్డిగారిదియు తాడిపత్రియే. తాడిపత్రికి దక్షిణమున, నాడు అదే జిల్లాలో నుండిన, పట్టుమగ్గములకు పేరెన్నికగన్న ధర్మవరమున్నది. ఇంటిచెంతనే అన్ని మగ్గములు ఆడుచుండగా నేతగాని నవలను చేతబట్టినవారు మగ్గమును ఏల విడిచిరి? ఈ ప్రశ్నకు సమాధానము చలనచిత్రవిమర్శలో దొరకదు. ధర్మవరము, పెనుకొండ, హిందూపురము అను మూడు ఊళ్ల చరిత్రలో దొరకును.

ముందుగా నవలయందు మగ్గమునకుగల స్థానమును చూడవలెను. ‘సైలస్ మార్నర్’ చిరకాలము మన కళాశాలలలో పాఠ్యగ్రంథముగా నుండుటచే కథ చాలమందికి పరిచితమే. పరీక్షకై చదివిన కథ కనుక దానిలోని వృత్తిసూక్ష్మములు మరపునబడియుండును. సైలస్ ‘లాంటర్న్ యార్డ్’ అను పేటలోని ఒక చిన్న మతశాఖకు చెందిన నారనేతగాడు. ప్రాణమిత్రుడే అతనిపై దొంగతనము మోపినాడు. సంఘమువారు చీట్లు వేసి దైవనిర్ణయమును అడుగగా, చీటి అతనికి వ్యతిరేకముగా వచ్చినది. దైవముపైని, మనుష్యులపైని విశ్వాసమును పోగొట్టుకొని అతడు దూరమందలి రావెలో అను పల్లె చేరి, పాడుబడిన రాతిగని ప్రక్కనున్న కుటీరమున మగ్గము వేసుకొన్నాడు.

రావెలో పల్లెవారికి అతడు కావలెను, కాని అతడనిన భయము. ఇంటి ఆడువారు వడకిన నూలును బట్టగా నేయుటకు మరియొకడు లేడు. అయినను ఆ పాలిపోయిన ముఖమును, బయటికి ఉబికినట్లుండు కన్నులును, విసురుగా సాగు మగ్గపు సడియు వారికి వింతలే. పిల్లలు కిటికీలోనుండి తొంగిచూచి పారిపోవుదురు. ఒక రోగికి మూలికతో ఉపశమనము కలిగించినందున అతనికి మంత్రగాడను పేరు వచ్చినది. పూర్వపు పేటలో వారమువారము వచ్చు కూలిలో అధికభాగము సంఘమునకే పోయెడిది. ఇచట మొదటి బట్టకు 5 బంగారు గినీలు అతని అరచేతిలో పడినవి. వానిలో పాలు అడుగువారు లేరు. అచటినుండి అతని జీవితమంతయు నేయుట, కూడబెట్టుట. ఆ బంగారమును దాచిన చోటు మగ్గముక్రింది నేల. ఇటుకలు తీసి గొయ్యిచేసి, ఇసుక కప్పి, దానిమీదనే కూర్చుండి పదునైదేండ్లు నేసినాడు. దొంగ యెత్తుకొనిపోవునాటికి ఆ నిధి 272 పౌండ్ల 12 షిల్లింగుల 6 పెన్నీలు. రచయిత్రి ఆ లెక్కను పెన్నీలతోసహా చెప్పుట ఊరక కాదు. అతని ఆయువంతయు ఆ అంకెలోనున్నది.

పిదప నూతనసంవత్సరపు మంచురాత్రి, దారిలో ప్రాణము విడిచిన తల్లి చేతులనుండి ఒక శిశువు ప్రాకుచు వచ్చి అతని పొయ్యిముందు నిదురించును. చూపు సరిగా ఆనని నేతగానికి ఆ పసిదాని పసిడివన్నె జుట్టు తన బంగారమే తిరిగివచ్చినట్లు తోచును. ఆ బిడ్డ ఊరి పెద్దింటి కుమారుడైన గాడ్‌ఫ్రీ రహస్యముగా పెండ్లాడిన స్త్రీకి పుట్టినది. అతడు నోరు మెదపడు. సైలస్ ఆమెకు ఎప్పీయని పేరుపెట్టి పెంచును. పని చేయునపుడు బిడ్డ ఎటో పోకుండ నారబట్టపేలికతో మగ్గమునకు కట్టివేయును. ఆమె కత్తెర చేజిక్కించుకొని ఆ పేలికను కత్తిరించుకొని వెడలిపోవును. మా దృష్టిలో నవలకు ఆయువుపట్టు ఈ ఘట్టము. బంగారము మగ్గముక్రిందనే పడియుండెను. బిడ్డ మగ్గమునుండి తెంచుకొని పోయి, తన్ను వెదకుచు వచ్చినవానిని ఊరిలోనికి నడిపించినది. బిడ్డను అడుగుటకై, బిడ్డకై అడుగుటకై అతడు ఇరుగుపొరుగుతో మాటలాడవలసివచ్చినది. వెలివానికి ఊరు దొరకినది.

ఇట్టి నవలను తెలుగుచేయ పూనుకొన్నవారు సామాన్యులు కారు. బి.ఎన్. రెడ్డిగారు 1939లో ‘వందేమాతరం’తో మొదలిడి ‘సుమంగళి’, ‘దేవత’, ‘స్వర్గసీమ’ తీసి, 1951లో ‘మల్లీశ్వరి’తో శిఖరము నందుకొన్నవారు. తరువాతి చిత్రమునకు సంభాషణలు వ్రాయుటకు వారు పాలగుమ్మి పద్మరాజుగారిని పిలిచిరి. పద్మరాజుగారు పశ్చిమగోదావరిజిల్లావారు, రసాయనశాస్త్రము బోధించిన అధ్యాపకులు. 1952లో వారి ‘గాలివాన’ కథకు న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ పత్రిక నడపిన ప్రపంచకథానికల పోటీలో ద్వితీయబహుమతి వచ్చుటతో ఆంధ్రదేశమంతటను వారి పేరు మారుమ్రోగుచుండెను. వారికి చలనచిత్రరంగమున ‘బంగారుపాప’యే తొలి అడుగు. పాటలు దేవులపల్లి కృష్ణశాస్త్రిగారివి, సంగీతము అద్దేపల్లి రామారావుగారిది. కోటయ్యగా ఎస్.వి. రంగారావు, పాపగా జమున నటించిరి. జగ్గయ్య, కృష్ణకుమారి ఇతరముఖ్యపాత్రధారులు. జాతీయపురస్కారములలోను ఈ చిత్రమునకు గుర్తింపు లభించినది.

మంచు కురియని దేశమున ఎలియట్ చిత్రించిన ఆ రాత్రికి గాలివానయే తగును. మహావృష్టిలో ఒక మనుష్యుని కట్టుదిట్టమైన నియమములన్నియు కొట్టుకొనిపోవుటను కథగా వ్రాసిన పద్మరాజుగారికి, అట్టిరాత్రి మరియొక కఠినహృదయుడు కరగుటను వ్రాయుపని రావడము చక్కని యాదృచ్ఛికము. కోటయ్య నేరము చేయకయే శిక్ష ననుభవించి వచ్చినవాడు. తన సంసారమును కూల్చినవానిపై పగ తీర్చుకొనవలెనని బయలుదేరినవానికి దారిలో దిక్కులేని పసికందు దొరకును. పగ ఆగిపోవును, పెంపకము మొదలగును. కన్నతండ్రి కలవారిబిడ్డడు. రహస్యముగా పెండ్లాడి వదలివేసినవాడు. ఇంతవరకు నవలయొక్క అస్థిపంజరము చెక్కుచెదరలేదు. అబద్ధపు నేరారోపణ ఉన్నది, అనాథశిశువు ఉన్నది, నోరు మెదపని తండ్రి ఉన్నాడు. లేనిది మగ్గము, మగ్గముక్రింది బంగారము.

ఈ లోటును లోపముగా ఎంచవలెనా? ఇచట ధర్మవరము వైపు తిరుగుదము.

గుంతకల్లునుండి బెంగుళూరునకు పోవు రైలుమార్గమున ధర్మవరము, పెనుకొండ, హిందూపురము వరుసగా వచ్చును. 1882లో బళ్లారిజిల్లానుండి విడివడిన అనంతపురముజిల్లాలో ఇవి ఉండెడివి. 2022 ఏప్రిల్ 4న ఏర్పడిన శ్రీ సత్యసాయిజిల్లాలో చేరినవి. వర్షము తక్కువ, నేల పలుచన, వేరుసెనగ ముఖ్యపుపంట. ఇట్టి సీమలో నేత పొలమునకు తోడునీడగా బ్రదికినది. తొగటలు, పద్మశాలీలు, దేవాంగులు మొదలగు నేతకులములవారు ఈ ప్రాంతమున తరతరములుగా స్థిరపడియున్నారు. నూలుబట్టలు గ్రామగ్రామమున నేయబడెడివి. పట్టు ధర్మవరమున నిలద్రొక్కుకొన్నది. బెంగుళూరు, మైసూరువైపునుండి పట్టు, సూరతునుండి జరీ రాగా, వెడల్పయిన అంచులు, పెద్ద కొంగులుగల పెండ్లిచీరెలు ఇచటినుండి దక్షిణదేశమంతటికిని పోయినవి. హిందూపురము పట్టుగూళ్ల విపణిగా ఎదిగినది. చుట్టుపట్ల పల్లెలలో మల్బరీతోటలు, పట్టుపురుగుల పెంపకము విస్తరించినవి.

ఈ చరిత్ర బ్రిటిషుపాలనతో మొదలు కాలేదు. విజయనగరశాసనములలో మగ్గముపై పన్ను తరచుగా కన్పట్టును. రాజునకు మగ్గము లెక్కింపదగిన వస్తువు. దానిని ఇచ్చివేయుట, అనగా పన్ను మాపుట, గుడికో బ్రాహ్మణునికో చేసిన దానముగా శాసనములలో చేరును. పెనుకొండ విజయనగరపు ప్రధానదుర్గములలో నొకటి. మొదటి బుక్కరాయల కాలముననే రాజకుమారుని పాలనమునకు కేంద్రమైనది. 1565 నాటి రాక్షసితంగడి యుద్ధము తరువాత తిరుమలరాయలు రాజధానిని ఇచటికే తరలించినాడు. దర్బారున్నచోట పట్టుబట్టకు గిరాకి యుండుట సహజము. ఆ దర్బారువారు ఎట్టి బట్టలు కట్టిరో చూడవలెనన్నచో హిందూపురమునకు సమీపమున లేపాక్షియున్నది. అచ్యుతదేవరాయల కాలమున విరూపణ్ణ నిర్మింపించిన వీరభద్రాలయపు కప్పుపై చిత్రములలో స్త్రీపురుషులు ధరించిన వస్త్రముల గీతలు, గడులు, పూలు, హంసలు చూచినకొలది చూడవలెననిపించును. లతామండపపు స్తంభములపై చెక్కిన లతలను, వలయములను నేటికిని నేతగాండ్రు చీరె అంచులకు నమూనాలుగా తీసికొందురు. ఆ బట్టలను కట్టినవారి ముఖములు చిత్రములలో నిలచినవి. దాతయైన విరూపణ్ణ పేరు నిలచినది. నేసినవాడు మాత్రము శాసనములో ‘మగ్గము’ అనియే పిలువబడినాడు.

ఇక అసలు విషయము. సైలస్ ఒంటరి. అతనికి భార్య లేదు, కులము లేదు, పెట్టుబడి పెట్టువాడు లేడు. నూలు ఇంటియజమానురాలిది, మగ్గము తనది, కూలి బంగారపునాణెము, అది నేరుగా తన చేతికే. ఈ నాలుగింటిలో ఒక్కటియు ధర్మవరపు నేతగానికి పొసగదు. ఇచట పట్టు, జరీ పెట్టుబడిదారువి. చీరె దిగగానే అతడు తీసికొని కూలి కట్టియిచ్చును. తొలుత ముట్టిన బయానా, పెండ్లికో చావుకో తెచ్చుకొన్న అప్పు ఆ కూలిలోనుండి తరుగుచుండును. పూర్తిగా తరుగదు. తరుగకుండుటయే ఆ యేర్పాటునకు బలము. బాకీయున్న నేతగాడు మరియొకని మగ్గమునకు పోజాలడు. ఎలియట్ నేతగాడు మగ్గముక్రింద ఇటుకలెత్తి బంగారము దాచినాడు. మన గుంటమగ్గముక్రిందను గొయ్యి యున్నది. అందులో నేతగాని కాళ్లే యుండును, తొక్కుడుచెక్కలపై ఉదయమునుండి దీపము పెట్టువరకు.

మరియొక భేదము ఇంకను లోతైనది. రావెలోలో నేత ఒక్కని పని. ధర్మవరమున ఇంటిల్లిపాది పని. పడుగు సాగదీయుటకు వీధిలో నలుగురు కావలెను. ఆసుపోయుటకు, కండెలు చుట్టుటకు ఆడువారు, పిల్లలు కావలెను. వెడల్పు అంచుచీరెకు మగ్గముపై ఇద్దరు కూర్చుండిననే గాని పేక సాగదు. ఎప్పీని మగ్గమునకు కట్టివేయుట సైలస్‌కు ఆమె పనికి అడ్డమగునను భయముచేత. మన నేతయింట బిడ్డ ఊహ తెలిసినది మొదలు రాట్నముముందు కూర్చుండును. ఆమె అడ్డము కాదు, ఒక చేయి. కత్తెరతో పేలికను కత్తిరించుకొని పోవు స్వేచ్ఛ ఆమెకు ఎచటిది? ఆ ఘట్టమును ధర్మవరమునకు తెచ్చినచో అర్థమే తారుమారగును.

కులమును గూర్చియు చెప్పవలెను. రావెలో పల్లెలో ఎప్పీని పెంచుటకు సైలస్ అడుగవలసినవారు లేరు. ఇరుగింటి డాలీ విన్‌త్రప్ బిడ్డకు పాతబట్టలు తెచ్చి, చర్చిలో పేరు పెట్టింపుమని సలహా యిచ్చును, అంతే. మనదేశమున నేతకులమునకు పెద్దలు, కట్టుబాట్లు, కులదేవతలు ఉన్నవి. తొగటలును, దేవాంగులును చౌడేశ్వరిని కొలుతురు. దారిలో దొరకిన, తల్లిదండ్రులెవరో తెలియని పసికందును నేతగాడొకడు ఇంటికి తెచ్చుకొన్నచో ‘ఈ బిడ్డ ఎవరిది’ అనునది తొలిప్రశ్న కాగలదు. రేపు ఈమెను ఎవరికిత్తువు, నీ కుమారునికి పిల్లను ఎవరిత్తురు అనునవి తరువాతివి. సైలస్ రావెలోలో పొందిన ఊరు మన నేతగానికి పుట్టుకతోనే యున్నది. అది అండయు, సంకెలయు. బిడ్డవలన అతనికి ఊరు దొరకుట కాదు, ఉన్న కులము దూరమగు ప్రమాదమే కలదు.

కనుక నేతగానిని తెలుగుచేయబూనినవానికి రెండు దారులు మాత్రమే. సైలస్‌ను ధర్మవరపు నేతగానిగా మార్చి అతనిచుట్టు కులమును, పెట్టుబడిదారును, ఇంటిల్లిపాదిని నిలిపినచో ఆ కథ సైలస్ కథ కాజాలదు. లేదా అతని వృత్తిని వదలి అతని స్థితిని పట్టుకొనవలెను. స్థితి యనగా సంఘమునకు వెలుపల నుండుట. మన పల్లెలో ఎవడు అట్లుండును? పని చేయువాడెవ్వడును అట్లుండడు. కమ్మరికి, కుమ్మరికి, చాకలికి, మంగలికి ఊరిలో స్థానము కట్టుబడియున్నది, హీనమైనదైనను. వెలుపలివాడు చెరసాలనుండి వచ్చినవాడే. అతనిని చూచి పిల్లలు పారిపోవుదురు, పెద్దలు తలుపువేసికొందురు. అతడు పసికందును ఎత్తుకొన్నచో కులపెద్దలు అడుగుటకు రారు, అతనిని వారు ఏనాడో వదలుకొన్నారు. రంగారావుగారి కోటయ్య ఇట్టివాడు.

ఈ దృష్టితో చూచినచో పద్మరాజు, బి.ఎన్. రెడ్డిగారలు చేసినది మగ్గమును తీసివేయుట కాదనియు, మగ్గము ఆంగ్లదేశమున చేసినపనిని తెలుగుదేశమున చేయగల మరియొకదానిని వెదకుట యనియు మా అభిప్రాయము. లాంటర్న్ యార్డులో చీట్లు వేసి దోషిని తేల్చినది మతసంఘము. తెలుగుకథలో ఆ స్థానమును న్యాయస్థానము, చెరసాల ఆక్రమించినవి. చీటి తప్పుచెప్పినపుడు సైలస్ దైవమును నిందించినాడు. న్యాయస్థానము తప్పుచెప్పినపుడు మనుష్యుడు శత్రువును వెదకును. కోటయ్యకు లోభము లేక పగ యుండుట ఈ కారణముచేతనే. లోభము ఇంటిలో కూర్చుండి చేయు పని, పగ దారిబట్టి నడచును. అందుచే కోటయ్యకు బిడ్డ ఇంటి పొయ్యిముందు కాక దారిలో దొరకుట కూడ సరియే. మూలమును అక్షరము అక్షరముగా అనుసరించిన అనువాదములకన్న ఇట్టి స్వీకరణమే నిజమైన అనుసరణమని మేము తలంతుము. మగ్గము లేదని మేమును మొదట ఈ చిత్రమును తక్కువచేసి చూచితిమి. ఆ తొందరను ఒప్పుకొనుచున్నాము.

అయినను నష్టము లేకపోలేదు. ఎలియట్ తన కథను తనకు రెండుతరముల వెనుకకు, నెపోలియనుతో యుద్ధములు సాగిన దినములకు జరిపినది. ఇంటింట రాట్నములు తిరుగుచుండిన ఆ కాలము ఆమె వ్రాయునాటికి గతించినది. నవల చివర సైలస్ పెరిగిన ఎప్పీని వెంటబెట్టుకొని తన పాతపేటను చూడబోవును. తనపై పడిన నింద తొలగెనా యని అడుగవలెనని అతని తహతహ. లాంటర్న్ యార్డు లేదు. దాని స్థానమున పెద్ద కార్ఖానా యున్నది, దాని వాకిటనుండి పనివారు గుంపులుగా మధ్యాహ్నభోజనమునకు వెలువడుచున్నారు. అడుగుటకు ఎవ్వరును మిగులలేదు. నేతగాని వ్యక్తిగతమైన అన్యాయము, ఒక వృత్తియొక్క అంతము ఆ వాకిటిలో కలిసిపోవును. మగ్గము పోవుటతో ఈ చరిత్ర తెలుగుచిత్రమునుండి తొలగినది. ‘బంగారుపాప’ హృదయమును కదల్చు కుటుంబగాథయైనది. నవలకున్న కాలపుదూరము దానికి రాలేదు.

ఇది ఎలియట్ కథలోని కాలమే అయినను, మన సీమకు అది తరువాత వచ్చినది. మరమగ్గములు చేనేతకు పోటీగా పెరిగిన కథ స్వాతంత్ర్యానంతరపు కథ. అంచుచీరెలు మొదలగువానిని చేనేతకే ప్రత్యేకించుచు పార్లమెంటు 1985లో చట్టము చేసినది. చట్టము నిలచినను, ధర్మవరపు నమూనాలను మరమగ్గములపై అనుకరించి చౌకగా అమ్ముట ఆగలేదు. పట్టుధర పెరిగినపుడు భారము నేతగానిపై పడును, చీరెధర తగ్గినపుడు కూలి తగ్గును. 2000 తరువాతి సంవత్సరములలో అప్పులకు తాళజాలక ధర్మవరపు నేతగాండ్రు ప్రాణములు తీసికొన్న వార్తలు పత్రికల కెక్కినవి. భౌగోళికసూచికగా ధర్మవరపు చేనేతపట్టుచీరెలకు, పావడలకు గుర్తింపు వచ్చినది. గుర్తింపు చీరెకు. విజయనగరశాసనములలో మగ్గము లెక్కకు వచ్చి నేతగాడు రానిరీతియే ఇదియును.

ఇచట ‘మల్లీశ్వరి’ని గూర్చి ఒక మాట చెప్పక తప్పదు. బుచ్చిబాబుగారి ‘రాయలవారి కరుణకృత్యము’ అను నాటికను, దేవన్ షరార్ ఆంగ్లమున వ్రాసిన కథ నొకదానిని ఆధారముగా గొని బి.ఎన్. రెడ్డిగారు ఆ చిత్రమును నిర్మించిరి. రాయల కరుణ పేర వెలసిన కథకు తెరపై పల్లెపడుచు పేరు పెట్టుట చిన్న సంగతి కాదు. అందు నాగరాజు శిల్పి. శిల్పి ఏకాంతమున బండపై ప్రేయసిని చెక్కగలడు. అతని పనియే అతని గాథ. శ్రీకృష్ణదేవరాయలు పెనుకొండకోటలో వేసవి గడపెడివాడని చెప్పుదురు. లేపాక్షిలో శిల్పముల నడుమ నిలచినపుడు నాగరాజు ఇచటివాడే కాదా యని యనిపించుట సహజము. నాగరాజుపాత్రను ధరించిన ఎన్.టి. రామారావుగారు పిదప 1985 మొదలు తుదివరకు హిందూపురమునుండి శాసనసభకు ఎన్నికగుట ఆ ఊహకు మరింత రంగు పూసినది. రాయలకాలపు శిల్పిని ఇంత అందముగా తెరకెక్కించిన చేయియే నాలుగేండ్లకు నేతగాని నవలను పట్టుకొని మగ్గమును విడిచినది. శిల్పి ఒంటరిగా నిలువగలడు, నేతగాడు నిలువలేడు. అతనిని చూపవలెనన్నచో వీధినంతటిని, పెట్టుబడిదారును, అప్పుపుస్తకమును, రాట్నముముందరి బిడ్డను చూపవలెను. 1955 నాటి మదరాసు చిత్రశాలలో, తారలపై ఆధారపడిన కథలో, అది కుదురుపని కాదు.

తరువాతి కాలమున పల్లెచరిత్రను నవలనుండి తెరకు తెచ్చిన ప్రయత్నములు తెలంగాణమునుండి వచ్చినవి. దాశరథి రంగాచార్యుల ‘చిల్లర దేవుళ్లు’ 1977లోను, కృష్ణచందర్ ఉర్దూనవల ఆధారముగా గౌతమ్ ఘోష్ తీసిన ‘మా భూమి’ 1979లోను చిత్రములైనవి. వానిలో ఒంటరి నాయకుని మించి ఊరు కనిపించును. దొరను, వెట్టిని, గడీని చూపుటకు ఊరు కావలసినట్లే, నేతను చూపుటకు వీధి కావలెను. ఆ పద్ధతి తెలిసిన పిదపనైనను రాయలసీమ నేతవీధి తెరకు మూలము కాకపోవుటకు ఒక కారణము మాకు స్పష్టము. తెలంగాణమున ముందు నవల వ్రాయబడినది, తరువాత చిత్రము వచ్చినది. ధర్మవరపు నేతకు రావెలోకు ఎలియట్ దొరకినట్లు ఆ నవల యింకను దొరకవలసియున్నది.

ఆ నవలకు కావలసిన సామగ్రి మాత్రము చెదరియున్నది. పెట్టుబడిదారుల పద్దుపుస్తకములు, కులసంఘముల తీర్మానములు, సహకారసంఘముల రికార్డులు, నేతయిండ్లలో ఆడువారు కండెలు చుట్టుచు పాడుకొను పాటలు ఎన్నో కలవు. పాతపద్దులు కొనువారు లేక పచారికొట్ల పొట్లములగుట అందరెరిగినదే. అట్టి పద్దులో ఒక నేతయింటి ఇరువదియేండ్ల లెక్క ఒకచోట లభించినచో, సైలస్ మగ్గముక్రింద దాచిన 272 పౌండ్ల ప్రక్కన దానిని పెట్టి చూడవచ్చును. అటు జమ, ఇటు బాకీ.